హయాటస్ హెర్నియా ఉన్నవారు అవకాడో, కొబ్బరి తినడం ఎలా?

ఎండోస్కోపీ రిపోర్టులో ‘హయాటస్ హెర్నియా’ అన్న మాట కనబడిందంటే మన ఇళ్లలో మొదట ఆగిపోయేది కొబ్బరి పచ్చడి. ఆ వెనకే నెయ్యి, వేపుళ్లు, మొన్నమొన్ననే అలవాటైన అవకాడో. “కొవ్వున్నవి తగ్గించండి” అని డాక్టరు అంటే, ఇంటికొచ్చేసరికి అది “మానెయ్యాలట” అయిపోతుంది. మానెయ్యడం తేలిక. ఎంత తినొచ్చో తెలుసుకోవడానికే కాస్త ఓపిక కావాలి. ఆ పని ఈరోజు మనం కలిసి మొదలుపెడదాం. ఇది వంటింటి పాఠమే, వైద్యం కాదు. మందుల సంగతి మీకూ మీ డాక్టరుకూ మధ్యనే ఉండాలి.

ముందుగా, లోపల ఏం జరుగుతోంది?

ఛాతీకీ పొట్టకీ మధ్య అడ్డంగా ఒక కండరపు పొర ఉంటుంది. దాన్ని డయాఫ్రం అంటారు. అందులో ఒక రంధ్రం ఉంది, అన్నవాహిక అందులోంచే కిందికి దిగి జీర్ణాశయాన్ని కలుస్తుంది. ఆ రంధ్రం వదులై జీర్ణాశయం పైభాగం ఛాతీలోకి జరిగితే అదే హయాటస్ హెర్నియా. ఎక్కువమందిలో కనిపించేది పైకీ కిందికీ జారే రకం. చాలామందికి అసలు ఏ బాధా ఉండదు. బాధ ఉన్నవాళ్లకి సాధారణంగా గుండెల్లో మంట, పులితేన్పులు, పడుకోగానే గొంతులోకి పులుపు ఎగదన్నడం.

ఇందులో కొవ్వు పాత్ర ఏమిటంటే, కొవ్వు ఎక్కువున్న తిండి జీర్ణాశయంలోంచి ఆలస్యంగా ఖాళీ అవుతుంది. అన్నవాహిక అడుగున బిగించి ఉండాల్సిన కండరం కూడా కొందరిలో దానివల్ల సడలుతుంది. నిండు కుండ తొణకదంటారు గానీ నిండు పొట్ట మాత్రం తొణుకుతుంది. అందుకే మనం మూడు విషయాలు చూస్తాం: ఎంత తింటున్నాం, దేనితో తింటున్నాం, ఎప్పుడు తింటున్నాం. ఏ పండు అన్నది ఆ తర్వాతే.

కొవ్వున్న పండ్లు నిజంగా ఏవి?

మనకు దొరికేవాటిలో చాలా తక్కువ. 100 గ్రాముల అవకాడోలో సుమారు 15 గ్రాముల కొవ్వు ఉంటుంది, అందులో ఎక్కువ భాగం ఆలివ్ నూనెలో ఉండే రకం. పచ్చికొబ్బరిలో అదే తూకానికి 33 గ్రాములు, ఎండుకొబ్బరిలో 60 దాటుతుంది. ఈ రెండింటిలో ఉన్నది ఎక్కువగా సంతృప్త కొవ్వు. పిజ్జా మీద చక్రాల్లా కనిపించే ఆలివ్‌లు కూడా కొవ్వున్న పండ్లే, కానీ వాటిని ఉప్పునీళ్లలో ఊరబెడతారు. రెండు మూడు తింటే చాలు, వాటి గురించి ఇంతకన్నా చెప్పుకోవాల్సింది లేదు.

పనస, మామిడి, సపోటా ‘బరువు’ అని చాలామంది భయపడతారు. వాటిలో కొవ్వు దాదాపు లేదు. పనసతొనలు పది తిని పొట్ట ఉబ్బితే ఆ తప్పు పరిమాణానిది. జీడిమామిడి పండులోనూ కొవ్వు లేదు, ఉన్నదంతా కింద వేలాడే గింజలోనే.

ఇప్పుడే మొదలుపెట్టకూడనివారు

మంట రోజూ వేధిస్తున్నవాళ్లు ముందు దాన్ని తగ్గించుకోవాలి. కనీసం వారం రోజులు పొట్ట నెమ్మదిగా ఉన్నాకే ఈ పాఠం. హెర్నియాకు ఆపరేషన్ అయినవాళ్లు సర్జన్ ఇచ్చిన ఆహారపట్టికనే పాటించాలి. మూత్రపిండాల జబ్బుతో పొటాషియం తగ్గించమన్నవాళ్లకి అవకాడో, కొబ్బరినీళ్లు రెండూ డాక్టరును అడిగాకే. రక్తం పలచబడటానికి వార్ఫరిన్ వాడేవాళ్లు కూడా అడగాలి, అవకాడో ఎక్కువైతే ఆ మందు పనితీరు మారవచ్చు. రబ్బరు గ్లవుజులు పడనివాళ్లలో కొందరికి అవకాడో కూడా పడదు.

మింగడం కష్టమవుతున్నా, రక్తపు వాంతి అయినా, విరేచనం తారులా నల్లగా వస్తున్నా, కారణం లేకుండా బరువు తగ్గుతున్నా, రక్తహీనత బయటపడినా పండ్ల సంగతి పక్కనపెట్టి ముందు డాక్టరు దగ్గరికి వెళ్లండి.

కావలసినవి

వంటింటి డిజిటల్ తూకం ఒకటి. లేకపోతే ఒక పెద్ద చెంచా, ఒక చిన్న చెంచా చాలు, కానీ రోజూ అవే వాడాలి. చేతికొచ్చిన గరిటెతో కొలిస్తే మన లెక్క మొదటిరోజే తప్పుతుంది.

ఒక నోటుపుస్తకం, పెన్ను. ఫోన్లో రాసుకున్నా పర్వాలేదు గానీ నా అనుభవంలో ఫ్రిజ్ మీద వేలాడే పుస్తకంలోనే మనుషులు క్రమం తప్పకుండా రాస్తారు.

పండిన అవకాడో ఒకటి, కొబ్బరికాయ ఒకటి. రెండూ ఒకే వారం కొనకండి. ఎందుకో తర్వాత చెబుతాను.

గాలి చొరని చిన్న డబ్బా, మిగిలిన ముక్క దాచడానికి.

వీటితోపాటు ఒక లెక్క గుర్తుపెట్టుకోవాలి. ఒక చిన్న చెంచా నెయ్యి, 30 గ్రాముల అవకాడో అంటే రెండు పెద్ద చెంచాల గుజ్జు, 15 గ్రాముల పచ్చికొబ్బరి అంటే మూడు పెద్ద చెంచాల కోరు: ఈ మూడింటిలోనూ కొవ్వు దాదాపు 5 గ్రాములే. దీన్ని కాగితం మీద రాసి పొయ్యి పక్కన అంటించండి. మనం చేయబోయేదంతా ఈ మూడింటినీ ఒకదాని స్థానంలో ఒకటి మార్చుకోవడమే.

పద్ధతి: మొదట అవకాడో

కొబ్బరికన్నా అవకాడోతో మొదలుపెట్టడం మంచిది. కొవ్వు సగానికన్నా తక్కువ, మెత్తగా ఉంటుంది, పులుపు లేదు. పైగా దాన్ని కారం లేకుండా తినొచ్చు. మన ఇళ్లలో కొబ్బరి ఒంటరిగా రాదు, పచ్చిమిర్చిని వెంటబెట్టుకునే వస్తుంది.

1. ముందు మూడు రోజులు ఏమీ మార్చకుండా రాసుకుందాం. అవకాడో, కొబ్బరి లేకుండా మామూలుగా తినే తిండే. ఏ పూట ఏం తిన్నారు, మంట వచ్చిందా, ఎప్పుడు, రాత్రి నిద్ర ఎలా పట్టింది. ఈ మెట్టు ఎగరగొట్టాలని అందరికీ ఉంటుంది. ఎగరగొడితే నాలుగో రోజు వచ్చిన మంట పండువల్లనో, ఎప్పుడూ ఉండేదో చెప్పలేం.

2. పండు ఎంచుకుందాం. కొడగు, నీలగిరి, వయనాడు వైపు నుంచి వచ్చే దేశవాళీ అవకాడోలు పండినా పచ్చగానే ఉంటాయి, రంగు చూసి మోసపోకండి. బయటి దేశాల నుంచి వచ్చే హాస్ రకం మాత్రం పండేకొద్దీ నల్లబడుతుంది. ఏదైనా సరే, అరచేతిలో పెట్టుకుని మెల్లగా నొక్కితే కొంచెం లొంగాలి. బొటనవేలితో పొడవకండి, అక్కడ లోపల నల్లమచ్చ పడుతుంది. గట్టికాయే దొరికితే అరటిపండుతో కలిపి కాగితం సంచిలో పెట్టండి, రెండు మూడు రోజుల్లో దారికొస్తుంది. పండనిది కోసి తింటే చేదుగా ఉంటుంది, సరిగా నలగదు.

3. మాత్ర వేళను కదపకండి. పాంటోప్రజోల్ లాంటి మాత్ర పరగడుపున, టిఫినుకు అరగంట ముందు వేసుకోమని డాక్టరు చెప్పి ఉంటే అలాగే సాగాలి. పండు పడిందా లేదా అని చూడటానికి మాత్ర ఆపి పరీక్షించడం మన పద్ధతి కాదు.

4. పూట నిర్ణయిద్దాం. మధ్యాహ్న భోజనంలోనో, ఉదయం టిఫినులోనో. రాత్రి వద్దు. తిన్నాక కనీసం మూడు గంటల దాకా నడుము వాల్చకూడదు, పగటి కునుకు అలవాటున్నవాళ్లకి టిఫినే మేలు.

5. కోద్దాం. పండును బల్లమీద పెట్టి నిలువునా గింజ తగిలేదాకా కత్తి దింపి, చుట్టూ తిప్పి, రెండు చేతులతో మెలితిప్పితే రెండు చిప్పలుగా విడిపోతుంది. గింజను చెంచాతో లేపండి. వీడియోల్లో చూపినట్టు చేతిలో పట్టుకుని గింజలోకి కత్తి దించే సాహసం వద్దు, జారితే అరచెయ్యి తెగుతుంది.

6. కొలుద్దాం. రెండు పెద్ద చెంచాల గుజ్జు, అంటే 30 గ్రాములు. చూడటానికి చాలా తక్కువనిపిస్తుంది, “ఇంతేనా?” అంటారు. మొదటి వారానికి ఇంతే.

7. ఆ పూట ఒక చిన్న చెంచా నెయ్యో నూనో తీసేద్దాం. ఈ మెట్టే అన్నిటికన్నా ముఖ్యం. పప్పన్నంలో నెయ్యి అలాగే ఉంచి, వంకాయ వేపుడు అలాగే ఉంచి, పైన అవకాడో కూడా పెడితే కొవ్వు పెరగడమే తప్ప మారదు. అవకాడో ఉన్న పూట పుల్కాకి నెయ్యి రాయం, ఇడ్లీ మీద నెయ్యి వేయం, కూర ఉడకబెట్టిందై ఉంటుంది.

8. కలుపుదాం. గుజ్జును చెంచాతో మెదిపి చిటికెడు ఉప్పు, చిటికెడు వేయించిన జీలకర్ర పొడి. అంతే. పుల్కాకి రాసుకోవచ్చు, ఇడ్లీతో నంజుకోవచ్చు. నిమ్మరసం, టమాటా, పచ్చి ఉల్లి, పచ్చిమిర్చి ఈ దశలో వద్దు. అమెరికాలో ఉన్న మనవాళ్లు తినే గ్వాకమోలీలో ఉండేవి అచ్చంగా ఇవే. అది తిని మంటొస్తే పాపం అవకాడోని ఆడిపోసుకుంటారు.

9. తిందాం. నిటారుగా కూర్చుని, నడుము దగ్గర బిగుతు లేకుండా. ప్యాంటు బెల్టు, లంగా బొందు, చీర కుచ్చిళ్ల దగ్గరి ముడి, ఏదైనా కాస్త వదులు చేసుకోండి. నమిలి మెల్లగా తినండి. ఆకలి తీరినట్టనిపించగానే ఆపేయండి, కడుపు నిండేదాకా సాగదీయకండి. మధ్యలో నీళ్లు గుక్కెడు గుక్కెడు చాలు, చెంబెడు వద్దు.

10. తిన్నాక వంగే పనులు పెట్టుకోకండి. ముగ్గు, ఇల్లు తుడవడం, సిలిండరు జరపడం, బిందె ఎత్తడం, సూర్యనమస్కారాలు ఇవన్నీ తిండికి ముందే. మెల్లగా నాలుగడుగులు వేయడం మాత్రం మంచిదే.

11. మూడుసార్లు రాద్దాం: గంట తర్వాత, మూడు గంటల తర్వాత, రాత్రి పడుకున్నాక. మంట, తేన్పు, పొట్ట బిగువు, గొంతులో పులుపు. ఏమీ లేకపోతే ‘ఏమీ లేదు’ అని రాయాలి. ఖాళీగా వదిలితే మర్చిపోయామో, బాగానే ఉందో వారం తర్వాత గుర్తుండదు.

12. రోజు విడిచి రోజు ఇదే కొలత, మూడుసార్లు. మూడుసార్లూ నెమ్మదిగా ఉంటే తర్వాతి వారం 50 గ్రాములకు వెళ్దాం. అక్కడా బాగుంటే ఆగిపోవచ్చు. నన్నడిగితే ఆగిపోవడమే మంచిది. ఒక పూటకి 100 గ్రాములు, అంటే మధ్యరకం పండులో సగం దాటాల్సిన అవసరం ఎవరికీ లేదు. ఏ మెట్టు దగ్గర మంట మొదలైందో దానికి ముందు మెట్టే మీ కొలత. మొదటి 30 గ్రాములకే ప్రతిసారీ మంటొస్తే అవకాడో మీకు పడదు, దాని కోసం బాధపడనక్కర్లేదు.

మిగిలిన చిప్పను గింజతోపాటే మూతబిగువు డబ్బాలో పెట్టి ఫ్రిజ్‌లో ఉంచండి. మర్నాటికి పైపొర గోధుమరంగు తిరుగుతుంది, గీకి పారేస్తే కింద పచ్చగానే ఉంటుంది. పండు పాడవుతుందని ఒకే పూటలో ఖాళీ చేయడం కన్నా ఆ పొర పోగొట్టుకోవడం చవక.

తర్వాత కొబ్బరి

అవకాడో సంగతి తేలాకే కొబ్బరి. రెండూ ఒకే వారం మొదలుపెడితే ఏది పడిందో ఏది పడలేదో తెలియదు, అందుకే వేరువేరుగా కొనమన్నాను. కొబ్బరికి మెట్లు అవే. తేడాలు మాత్రం చెబుతాను.

1. లేతకొబ్బరితో మొదలుపెట్టండి. బొండం తాగాక లోపల మీగడలా ఉండేదాంట్లో ముదురు కొబ్బరి కన్నా కొవ్వు తక్కువ. రెండు పెద్ద చెంచాలు తినండి. కొబ్బరినీళ్లలో కొవ్వు లేనట్టే, కానీ బొండమంతా ఒక్కసారిగా తాగితే పొట్ట నిండిపోతుంది. నీళ్లు సగం ఇప్పుడు, సగం గంట తర్వాత.

2. ముదురు కొబ్బరిని కోరే వాడండి, ముక్క వద్దు. గుళ్లో ఇచ్చిన కొబ్బరిముక్క పరగడుపున నోట్లో వేసుకుని సగం నమిలి మింగడం మనకలవాటు. ఆ పీచు ముక్కలు ఆలస్యంగా అరుగుతాయి. కళ్లకద్దుకుని ఇంటికి తెచ్చి కోరుకోండి.

3. కోరడం తిండికి ముందే. కోరాము మీద కూర్చుని ముందుకు వంగితే పొట్ట నొక్కుకుపోతుంది. భోంచేశాక ఆ పని పెట్టుకుంటే తిన్న తిండే గొంతులోకొస్తుంది.

4. పచ్చడిని తేలిక చేద్దాం. ఇద్దరికి రెండు పెద్ద చెంచాల పచ్చికొబ్బరి కోరు, రెండు పెద్ద చెంచాల పుట్నాలపప్పు, పులవని పెరుగు మూడు చెంచాలు, ఉప్పు, కరివేపాకు. కొత్తిమీర పడితే కాస్త వేయండి. మిక్సీలో మెత్తగా తిప్పండి. పోపుకి అర చిన్న చెంచా నూనె చాలు: ఆవాలు, మినప్పప్పు, చిటికెడు ఇంగువ. పచ్చిమిర్చి, చింతపండు మొదటి వారం వద్దు. చప్పగా ఉంటుందని నాకు తెలుసు. వారం నెమ్మదిగా గడిస్తే గింజలు తీసిన సగం మిర్చి వేసి చూద్దాం. అప్పుడు మంటొస్తే కొబ్బరిది కాదు, మిర్చిదని తెలిసిపోతుంది. ఇంతకాలం కొబ్బరిని తిట్టుకున్న చాలామందికి అసలు దొంగ దొరికేది ఈ మెట్టు దగ్గరే.

5. తట్టుకుంటే మనిషికి పూటకి మూడు పెద్ద చెంచాల కోరు దాకా. నెయ్యి మానుకోవడం ఇక్కడా వర్తిస్తుంది.

కార్తీకమాసంలో ఇంట్లో కొబ్బరి చిప్పలు పోగుపడతాయి, వాటిని ‘చెల్లించడం’ ఒక బాధ్యతైపోతుంది. కోరి, చిన్న పొట్లాలు కట్టి ఫ్రీజర్లో పెట్టండి. ఒక పొట్లం ఒక పూటకి. కొబ్బరి లౌజు, కొబ్బరిపాల పులావు, ఎండుకొబ్బరి పొడి మాత్రం వేరే లెక్క. చిక్కటి పాలలోనూ ఎండుకొబ్బరిలోనూ కొవ్వు గుమిగూడి ఉంటుంది. పండగనాడు ఒక ముద్ద రుచి చూడండి, పరీక్షలోకి తేవద్దు.

తరచూ జరిగే పొరపాట్లు

రాత్రి తొమ్మిదింటికి జ్యూస్ సెంటర్‌లో అవకాడో షేక్. చిక్కటి పాలు, చక్కెర, పైన ఐస్‌క్రీం, డ్రైఫ్రూట్లు, పెద్ద గ్లాసు. కొవ్వు, పరిమాణం, వేళ, మూడూ ఒకేసారి తప్పాయి. ఇంటికెళ్లి పడుకోగానే మంట రాకపోతేనే ఆశ్చర్యం.

భోజనం అయ్యాక పైన పండు. ఇది మన మర్యాద గానీ హెర్నియాకి నచ్చదు. కొవ్వున్న పండు భోజనంలో భాగంగా ఉండాలి, భోజనం మీద కొసరుగా కాదు.

“మంచి కొవ్వే కదా” అని లెక్క వదిలేయడం. గుండెకు మేలు చేసే కొవ్వైనా సరే, జీర్ణాశయం దాన్ని ఆలస్యంగానే కిందికి పంపుతుంది. బరువు పెరిగితే పొట్ట లోపలి ఒత్తిడీ పెరుగుతుంది, హెర్నియా బాధ ఎక్కువవుతుంది.

ఒకే రోజు రెండు కొత్తవి. కొత్త పండుతోపాటు కొత్త కాఫీ, కొత్త మాత్ర, పెళ్లిభోజనం కలిస్తే ఆ రోజు రాత లెక్కలోకి రాదు. కొట్టేసి మర్నాడు మళ్లీ మొదలుపెట్టండి.

రాత్రి మంటకి దిండు మీద దిండు వేయడం. దానివల్ల నడుము మడతపడి పొట్ట మరింత నొక్కుకుంటుంది. మంచం తలవైపు కాళ్ల కింద 6 నుంచి 8 అంగుళాల చెక్కలు పెట్టి మొత్తం మంచాన్నే ఎత్తాలి. ఎడమవైపు తిరిగి పడుకుంటే ఇంకా మంచిది.

అన్నిటికన్నా ప్రమాదకరమైన పొరపాటు, ఛాతీలో ఏ నొప్పొచ్చినా “నిన్న కొబ్బరి తిన్నాను కదా” అనుకోవడం. నొప్పి ఎడమచేతికో దవడకో పాకినా, చెమటలు పట్టినా, ఆయాసం వచ్చినా అది గుండెపోటు కావచ్చు. వెంటనే 108కి ఫోన్ చేయండి. విపరీతమైన నొప్పితో ఓకరింపులు వస్తూ వాంతి మాత్రం కాకపోయినా ఆసుపత్రికి పరుగెత్తాల్సిందే. జీర్ణాశయం మెలిపడిందేమో అక్కడే తేల్చాలి.

నెల తిరిగేసరికి మీ నోటుపుస్తకంలో రెండు అంకెలుంటాయి, అవకాడోకి ఒకటి, కొబ్బరికి ఒకటి. పక్కింటివారి అంకెలు వేరే ఉంటాయి, వాటితో పోల్చుకోకండి. ఈసారి డాక్టరు దగ్గరికి వెళ్లేటప్పుడు రిపోర్టుల ఫైలుతోపాటు ఆ పుస్తకాన్నీ తీసుకెళ్లండి. మాత్ర మోతాదు తగ్గించాలా, అలాగే ఉంచాలా అన్నది అది చూసి ఆయననే నిర్ణయించనివ్వండి.